నిశ్చయము పుట్టిన దినము

ఎడిసన్, న్యూజెర్సీ

చిరంజీవి శారదకు,

మీ న్యాయకళాశాలలో సాక్ష్యశాస్త్ర పాఠములు ఆరంభమైనవనియు, కన్నులార చూచిన మనిషి ఒక్కరే యైనను ప్రమాణము చేసి చెప్పుచుండగా ఇంకను సందేహించుట ధర్మమా యని సహాధ్యాయులతో నీకు వాదము జరిగినదనియు వ్రాసితివి. సంఖ్య మాటకు వచ్చినచో, ఒక్కరు చాలునను వారిదే పైచేయి. మన దేశపు పాత సాక్ష్య చట్టము 134వ సెక్షనులో, ఏ సంగతిని రుజువు చేయుటకైనను ఇందఱు సాక్షులుండవలెనను నియమము లేదని స్పష్టముగా నున్నది. 1957లో వడివేలు తేవర్ కేసులో మన సుప్రీంకోర్టు సాక్షులను పూర్తిగా నమ్మదగినవారు, పూర్తిగా నమ్మరానివారు, ఈ రెంటి నడుమ నుండువారు అని మూడు తెగలుగా విభజించి, మొదటి తెగవాని ఒక్క మాటపైననే శిక్ష విధింపవచ్చుననియు, మూడవ తెగవాని మాటకు మాత్రము వేఱొక ఆధారము వెదకవలెననియు చెప్పెను. అమెరికా రాజ్యాంగము సైతము ఇద్దఱు సాక్షులను కోరినది రాజద్రోహ నేరమునకే. చిక్కంతయు ఆ తెగలను విడదీయుటలో నున్నది. ఏలయనగా తన మాటను తాను మనసార నమ్మిన సాక్షి, ఆ మాట పొరపాటైనను, చూచువారికి మొదటి తెగవానివలెనే కనబడును.

అబద్ధమాడు సాక్షికి భయపడకుము. 1858లో ఇల్లినాయి రాష్ట్రపు బియర్డ్‌స్టౌనులో అబ్రహాము లింకను, డఫ్ ఆర్మ్‌స్ట్రాంగు అను యువకుని పక్షమున వాదించుచు, రాత్రి పదునొకండు గంటల వేళ వెన్నెల వెలుగున అంతయు చూచితినన్న ప్రధాన సాక్షిచేత ఆ మాటనే మఱల మఱల చెప్పించి, పిమ్మట పంచాంగము తెప్పించి, ఆ వేళకు చంద్రుడు అస్తమయమునకు దిగివచ్చి యుండెనని చూపెను. (వకీలునకు పంచాంగ మక్కఱకు వచ్చుట మన పురోహితులు వినిన సంతసింతురు.) వెలుగును, దూరమును ఈ విధముగా బయటి ఆధారముతో సరిచూడవచ్చును, సాక్షి మనస్సులోని ముఖమును సరిచూచుటకు అట్టి పంచాంగము లేదు.

నీవిప్పుడున్న నార్త్ కరోలైనాలోనే, బర్లింగ్టను పట్టణమున, 1984 జులైలో ఒక రాత్రి ఒక దుండగుడు ఇరువదిరెండేండ్ల కళాశాల విద్యార్థినిపై అత్యాచారము చేసి, అదే రాత్రి మఱియొక స్త్రీపైనను ఆ దౌష్ట్యమే జరిపెను. ఆ విద్యార్థిని ధైర్యము అసాధారణమైనది: ప్రాణములతో బయటపడినచో వానిని పట్టియిచ్చుటకై, ఆ ఘోరక్షణములలోనే వాని ముఖమును పరీక్షగా చూచి మనసున నిలుపుకొనెను. పోలీసులు ఫొటోలు ముందుంచగా కొన్ని నిమిషములు పరికించి, ఇతడే యనుకొందునని రోనాల్డ్ కాటన్ అను యువకుని ఫొటోను ఏర్చెను. పిదప మనుష్యులను వరుసగా నిలిపిన గుర్తింపు పరేడులో ఇద్దఱి నడుమ కొంత తటపటాయించి అతనినే చూపెను. ఫొటోలలోను, వరుసలోను, రెంటను ఉన్నవాడు కాటన్ ఒక్కడే యని గమనింపుము. చూపిన తరువాత, ఫొటోలో ఏర్చినదియు ఇతనినే యని ఆమెకు తెలియజెప్పిరి. ఆ మాటతో తటపటాయింపు తుడిచిపెట్టుకొని పోయెను; 1985 జనవరిలో జ్యూరీ యెదుట నిలుచునప్పటికి ఆమెకు రవ్వంత సందేహమును మిగులలేదు. ఆమె సాక్ష్యము తప్ప, అతని ఇంట దొరికిన టార్చిలైటు, బూటు రబ్బరు వంటి బలహీనమైన ఆధారములే యుండెను. రెండవ స్త్రీ పరేడులో వేఱొకనిని చూపినదను సంగతిని జ్యూరీకి చెప్పనీయలేదు. ఆ కారణముననే రాష్ట్ర సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టివేసెను. 1987 పునర్విచారణలో, బాబీ పూల్ అను ఖైదీయే అసలు నేరస్థుడని వాదము రాగా, జ్యూరీ లేని సమయమున అతనిని కోర్టుకు రప్పించి ఆమెకు చూపిరి. ఇతనిని నేనెన్నడును ఎఱుగనని ఆమె నిష్కపటముగా పలికెను. కాటన్‌కు యావజ్జీవ శిక్షయు, దానిపై 54 ఏండ్లును పడెను. 1995లో డి.ఎన్.ఎ. పరీక్ష పూల్‌నే పట్టిచ్చెను. పదేండ్లకు పైగా జైలులో గడపిన కాటన్ ఆ యేడు జూన్ 30న విడుదలయ్యెను.

ఆమె ఒక్క అబద్ధమైనను ఆడలేదు. నాకు మిక్కిలి భయము గొలుపునది అదియే. క్రాస్ ఎగ్జామినేషను దాచువానిని బయటికి లాగుటకు పుట్టిన ఆయుధము. దాచుటకేమియు లేని మనిషిపై అది మొక్కవోవును, ప్రశ్నించినకొలది అట్టి సాక్షి స్థైర్యమే జ్యూరీకి హెచ్చుగా తోచును. జ్ఞాపకము పలుమార్లు తుడిచి వ్రాసిన పలక వంటిది. కడపటి వ్రాత క్రింద ఏమున్నదో వ్రాసినవారికే తెలియదు. ఫొటోలోని కాటన్ ముఖము ఆ రాత్రి చూచిన ముఖమును కప్పివేసినది కనుకనే, నిజమైన నేరస్థుడు ఎదుట నిలిచినను ఆమెకు పరాయివాడయ్యెను.

కావున, తల్లీ, సాక్షి నిశ్చయము ఏ దినమున, ఎవరి మాట సోకిన తరువాత కలిగినదో ముందుగా విచారింపుము. 1972లో బిగ్గర్స్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు చెప్పిన ఐదు కొలతలలో సాక్షి నిశ్చయమొకటి. ఎంతటి పెద్దలు చెప్పినదైనను, ఒక అధికారి మెచ్చుకోలు మాటతో బరువు పెంచుకొను రాతిని త్రాసులో వేయుట నాకు సమ్మతము కాదు. మా న్యూజెర్సీ సుప్రీంకోర్టు 2011లో హెండర్సన్ కేసులో ఆ పాత పద్ధతి చాలదని చెప్పి, పోలీసులు గుర్తింపు జరిపిన తీరును సమగ్రముగా విచారించుటకు దారి తీసినది. మీ రాష్ట్రము అంతకు ముందే, 2007లో చట్టము చేసినది: అనుమానితుడెవరో ఎఱుగని అధికారియే పరేడు నడుపవలెను; నేరస్థుడు వరుసలో ఉండకపోవచ్చునని సాక్షికి ముందే చెప్పవలెను; ఎంత నమ్మకముతో గుర్తించినదియు అప్పటికప్పుడు సాక్షి సొంత మాటలలోనే వ్రాసికొనవలెను. ఈ మూడవ నియమము కోరు కాగితము నీ చేతికి రానంతవఱకు ఏ కేసులోను సాక్షిని ప్రశ్నించుటకు లేవకుము. అందలి “అనుకొందును” అను మాట కోర్టులో “నిస్సందేహముగా” అయినచో, ఆ రెంటి నడుమ సాక్షితో మాటలాడినవారినందఱిని పేరుపేరున పిలిపింపుము.

గుర్తింపు ఒక్కరి మాటపైననే ఆధారపడిన కేసులకై వాషింగ్టను నగరములోని ఫెడరల్ అప్పీలు కోర్టు 1972లో టెల్ఫెయిర్ తీర్పునకు అనుబంధముగా జ్యూరీకి చదువదగిన మాదిరి సూచన నొకదానిని చేర్చెను. దానిని చదివి, నీవైతే నిశ్చయమును గూర్చిన మాటను ఎట్లు మార్చి వ్రాయుదువో తదుపరి ఉత్తరమున తెలుపుము.

ఆశీర్వదించు,
నీ పెదనాన్న