బరువు నెరుగు నరములు

చీకటిలో నూతినుండి చేద తోడువానికి చేయి కనబడకున్నను, అది యెంతవరకు చాచియున్నదో, చేద యెంత బరువో తెలియును. ఈ రెండు సంగతులను తెలుపు సాధనములు వేర్వేరు.

మొదటిది కండరములోని కదురు. సన్నని తంతువులు కొన్ని యొక పొరలో నిమిడి, నడుమ లావుగను కొనలు సన్నగను నుండుటచే దీనికీ పేరు కలిగెను. నూలువలె నరము దీనిని చుట్టుకొని యుండును. కండరము సాగినప్పుడు కదురు కూడ సాగి, ఆ సంగతి వెన్నుపామునకు తెలుపును. తోడనే ముడుచుకొమ్మని యా కండరమునకు ఆజ్ఞ వచ్చును. మోకాలిచిప్ప క్రింద వైద్యుడు తట్టగా కాలెగురుట యిందువలననే.

రెండవది, కండరము స్నాయువుతో కలియుచోట నున్నది. స్నాయువనగా కండరమును ఎముకకు బిగించు త్రాడు. మడమ వెనుక తడిమిన తెలియును. దాని పోగుల నడుమ నరముల కొనలు అల్లుకొని యుండును. కండరము లాగగా పోగులు బిగిసి యా కొనలను నొక్కును. అందువలన బిగువెంతయో తెలియును. ఇటలీ దేశస్థుడగు గోల్జీ దీనిని 1880లో వర్ణించెను.

అయితే వార్త పోయి ఆజ్ఞ వచ్చుటకు కొంత కాలము పట్టును. అది స్వల్పమే యైనను, తేలికయని తలచి గుంజిన బస్తా బరువైనచో ఆలోపలనే నడుము బెణుకవచ్చును. మిక్కిలి అలసినప్పుడు కాలుసేతుల స్థితియు మనకు పొరపాటుగా తెలియును. కావున మేము కోరునది: బస్తాను ముందుగా ఒక మూల కొంచెమెత్తి బరువు తెలిసికొనుడు, పిదప మోకాళ్లు వంచి, కుదుపు లేక మెల్లగా నెత్తుడు, ప్రొద్దుగుంకు వేళ అలసియున్నచో ఇద్దరు కలసి యెత్తుడు.