సింగీతం శ్రీనివాసరావుగారి చిత్రరచన

మా పాఠశాలకు పిల్లలను పంపు తలిదండ్రులు తఱచుగా అడుగు ప్రశ్న యొకటి కలదు: "అయ్యా, ఈ తెలుగు చదువు ఆంధ్రదేశమున పనికివచ్చును గాని, రాయచూరులో దీనితో మా పిల్లలు ఏమి చేయగలరు?" దీనికి వాదముతో గాక ఒక తెలుగువాని జీవితముతో బదులు చెప్పదలచితిమి.

శ్రీ సింగీతం శ్రీనివాసరావుగారు 1931లో నెల్లూరు సీమలో జన్మించిరి. మదరాసు ప్రెసిడెన్సీ కళాశాలలో చదివి, కొంతకాలము సూళ్లూరుపేటలో ఉపాధ్యాయులుగా నుండిరి. (మా వృత్తివారని చెప్పుకొనుట మాకు సంతోషము.) పిదప కె. వి. రెడ్డిగారి శిష్యులై 1957 నాటి 'మాయాబజార్'కు పనిచేసిరి. 1972లో 'నీతి నిజాయితీ'తో దర్శకులైరి. రాజాజీగారి కథతో 1974లో తమిళమున తీసిన 'దిక్కట్ర పార్వతి' జాతీయ పురస్కారము పొందినది. 1982లో రాజకుమార్ గారు నటించిన 'హాలు జేను', 'చలిసువ మోడగళు' కన్నడమున వెలువడినవి. వీటిని చూచిన మన విద్యార్థులలో దర్శకుడు తెలుగువాడని ఎందఱెఱుగుదురు?

ఇన్ని భాషలలో పనిచేసిన ఈయన 1987లో భాషయే లేని చిత్రము తీసిరి. అదియే బెంగుళూరులో చిత్రించిన 'పుష్పక విమాన'. మాటలు లేని చిత్రమునకు ధనము పెట్టుట సాహసము. శృంగార్ నాగరాజుగారితో గూడి ఆయనయే నిర్మాణభారమును వహించిరి. అందులో నిరుద్యోగియైన యువకుడొకడు ధనికుని గదిలో దొంగతనముగా కాపురముండును. మెత్తని పడకపై వానికి నిద్ర పట్టదు. తన పాత గది చెంతనున్న సినిమాహాలు రొద లేకపోవుటయే కారణము! ఆ రొదను టేపురికార్డరులో పట్టి తెచ్చి, దానిని వినుచు హాయిగా నిద్రించును. పేదతనమును ఒక్క మాటయైన లేక ఇంత చక్కగా చూపుట మాకు మిక్కిలి నచ్చినది. ఇందులో ధ్వని కలదు, సంభాషణ మాత్రము లేదు; కావున దీనిని పూర్వపు మూకీలతో పోల్చుట సరికాదు.

1985లో కాలు కోల్పోయిన నర్తకి కథ 'మయూరి', 1994లో జానపదమైన 'భైరవద్వీపం' తీసిరి. ఈ రెంటి నడుమ 1991లో వచ్చిన 'ఆదిత్య 369' మన జిల్లావారు తప్పక చూడవలసినది. అందులో కాలయంత్రమెక్కినవారు శ్రీకృష్ణదేవరాయల కొలువునకు పోవుదురు. 1520లో మన రాయచూరు కోటను జయించిన రాయలే ఆయన.

పదవ తరగతి విద్యార్థులారా! 'పుష్పక విమాన'లోని ఆ టేపు ఘట్టమును చూచి, యువకుని మనసులోని మాటలను తెలుగున పది వాక్యములు, కన్నడమున పది వాక్యములు వ్రాసి సోమవారము తీసికొని రండు.