బసవ చరిత్ర వ్రాసిన పాల్కురికి సోమనాథుడు

మదనపల్లె, పుంగనూరు, కుప్పం ప్రాంతములు కన్నడసీమను ఆనుకొని యున్నవి. రెండు భాషలును వినవచ్చు ఇట్టి చోట బసవేశ్వరుని బాల్యమును పిల్లలకు చెప్పబూనిన వారికి ఒక చిక్కు ఎదురగును. బసవన్నకు ఉపనయనము జరిగినదా, లేదా? జరిగినదని కొందరు, లేదని కొందరు అందురు. ఇది కన్నడమునకును తెలుగునకును గల తగవని అనుకొనువారును కలరు. నిజమునకు ఇది ఇద్దరు చరిత్రకర్తల నడిమి భేదము.

వారిలో ఒకడు మన సోమనాథుడు. కాకతీయుల నాటివాడు. ఓరుగల్లు సీమలోని పాలకుర్తి ఆయన ఊరని ప్రసిద్ధి. బసవన్న లింగైక్యమైన పిమ్మట చాలకాలమునకు ఆయన కలము పట్టినాడు. కళ్యాణమును చూచినవారు అప్పటికి లేరు. భక్తుల నోట నిలిచిన కథలే ఆధారములు. వానిని ఏర్చి కూర్చి, సామాన్యులు పాడుకొనదగిన ద్విపదలో, జాను తెనుగున, ఏడు ఆశ్వాసముల బసవపురాణము రచించెను. అందు మంత్రి పదవియందున్న బసవన్న యొక్కడే లేడు. చాకలి మడివాలు మాచయ్య, ముగ్ధ గొడగూచి, శివునికి తల్లియైన బెజ్జమహాదేవి కూడ కలరు. రాజుల వంశావళులు వ్రాయు కాలమున ఇట్టివారికి చరిత్రలో చోటిచ్చుట చిన్న సాహసము కాదు.

ఇక ఆ చిక్కు. సోమనాథుని కథలో ఎనిమిదేండ్ల బాలుడు ఉపనయనమును నిరాకరించి తండ్రితో వాదించును. హరిహరుని కన్నడ రగళెలో తల్లిదండ్రులు ముందే గతించగా బాలుడు అవ్వ పెంపకమున పెరుగును, ఉపనయనము జరుగును, పదునారేండ్ల ప్రాయమున ఆయనయే జన్నిదమును త్రెంచివేయును. తండ్రి జీవించియుండుట, లేకుండుట సామాన్యమైన తేడా కాదు. రెండింటిని కలిపి ఒక కథగా అల్లుటకంటె, ఎవరు ఏమి చెప్పిరో వేరువేరుగ చెప్పుటయే పిల్లల యెడ న్యాయము. జన్నిదమును బసవన్న వలదన్నాడనుటలో మాత్రము ఇద్దరును ఏకీభవించిరి.

పురాణమన్న పేరు చూచి అంతయు కల్పనయని త్రోసివేయుటయు తగదు. బసవన్న తండ్రి మాదిరాజనియు, ఊరు బాగేవాడి యనియు సోమనాథుడు చెప్పినాడు. బెళగావి జిల్లా అర్జునవాడలోని 1260 నాటి శాసనము బాగేవాడి మాదిరాజు కుమారుడు బసవరాజని పేర్కొనుచున్నది. మహిమలకు శాసనము సాక్ష్యమీయదు. వానిని భక్తుల విశ్వాసముగనే చదువవలెను.

తరువాత సోమనాథుడు మల్లికార్జున పండితుని జీవితమును పండితారాధ్య చరిత్రముగ వ్రాసినాడు. అది మరింత విస్తృతము. నాటి ఆటపాటలు, శ్రీశైల యాత్రికుల తీరులు అందు వెదకువారికి దొరకును.

బసవపురాణమును 1369లో భీమకవి కన్నడమున షట్పదిలో రచించెను. ఉపనయనమును కాదన్న ఎనిమిదేండ్ల బాలుడు అట్లు తెలుగునుండి కన్నడమునకు చేరెను. కనుక కన్నడ పురాణము చదివిన పెద్దలు చెప్పు కథయు పలుమారు సోమనాథుని కథయే.