వైవాహిక వివాదాలు - ముందస్తు బెయిలు

వివాహము రెండు కుటుంబాలను కలుపుతుంది. ఆ బంధము చెడినప్పుడు తగవు ఆలుమగలతో ఆగదు. అత్తమామలు, మరదులు, ఆడబిడ్డలు కూడ అందులో చిక్కుకొంటారు. అది పోలీసు స్టేషను గడప తొక్కినప్పుడు మొదట వినిపించే మాట ముందస్తు బెయిలు. దాని అర్థమేమో, దాని హద్దు లెక్కడ ఉన్నవో విద్యార్థులు తెలిసికొనుట అవసరమని మేము తలచుచున్నాము.

1898 నాటి క్రిమినల్ ప్రొసీజరు కోడులో ఇట్టి ఏర్పాటు లేదు. పలుకుబడి గలవారు తమ ప్రత్యర్థులను అవమానపరచుటకై తప్పుడు కేసులలో ఇరికించుచున్నారని గమనించి, లా కమిషన్ 1969లో తన 41వ నివేదికలో దీనిని సిఫారసు చేసినది. 1973 కోడులో 438వ సెక్షనుగా చేరి, 1974 ఏప్రిల్ 1 నుండి అమలులోనికి వచ్చినది. 2024 జూలై 1 నుండి భారతీయ నాగరిక సురక్షా సంహితలోని 482వ సెక్షను దాని స్థానములో ఉన్నది.

ఇక రెండవ చట్టమును చూతము. కట్నపు వేధింపులు, కోడళ్ళ మరణములు దేశమును కలచివేయగా, 1983లో శిక్షాస్మృతిలో 498-ఎ సెక్షనును చేర్చిరి. భర్తగాని, అతని బంధువులుగాని భార్యను క్రూరముగా హింసించినచో 3 సంవత్సరముల వరకు జైలు, జరిమానా విధింపవచ్చును. నేడు ఇది భారతీయ న్యాయ సంహితలో 85, 86 సెక్షనులుగా ఉన్నది. ఇందులో వారంటు లేకుండ అరెస్టు చేయవచ్చును. బెయిలు హక్కుగా లభింపదు. నాలుగు గోడల నడుమ జరుగు హింసకు సాక్షులుండరు గనుక ఈ కాఠిన్యము అవసరమైనది. కాని ఫిర్యాదులో పేరున్నంత మాత్రమున, వేరే ఊరిలో కాపురమున్న ఆడబిడ్డను సైతము జైలుకు పంపుట న్యాయమగునా?

ఇచ్చటనే ముందస్తు బెయిలు ప్రయోజనము కనిపిస్తుంది. అరెస్టు భయమున్నవారు సెషన్స్ కోర్టునుగాని హైకోర్టునుగాని ఆశ్రయింపవచ్చును. గురుబక్ష్ సింగ్ సిబ్బియా కేసులో 1980లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనము, కేసు నమోదు కాకముందే అడుగవచ్చుననియు, అయితే భయమునకు తగిన ఆధారముండవలెననియు చెప్పినది. ఉత్తర్వు పొందినవారిని అరెస్టు చేసినచో, పూచీకత్తుపై వెంటనే విడువవలెను. పిలిచినప్పుడు దర్యాప్తునకు హాజరగుట, సాక్షులను బెదిరింపకుండుట, అనుమతి లేక దేశము విడువకుండుట వంటి షరతులను కోర్టు విధింపవచ్చును. సాధారణముగా దీనికి కాలపరిమితి ఉండనక్కరలేదని 2020లో మరియొక రాజ్యాంగ ధర్మాసనము తీర్పు చెప్పినది.

498-ఎ కేసులో ముందస్తు బెయిలు కోరిన ఒక భర్త అప్పీలుపైననే 2014 జూలైలో సుప్రీంకోర్టు ముఖ్యమైన ఆదేశము లిచ్చినది. అరెస్టు యాంత్రికముగా జరుగరాదు. దాని అవసరమును పోలీసులు కారణములతో చూపవలెను. అవసరము లేనిచో హాజరు కమ్మని నోటీసు ఇవ్వవలెను.

తక్షణ త్రిపుల్ తలాక్‌ను నేరముగా చేసిన 2019 చట్టములో, భార్య వాదన వినిన పిదపనే భర్తకు బెయిలు ఇవ్వవలెనని నియమమున్నది. ఆ చట్టము ముందస్తు బెయిలును నిషేధింపలేదనియు, అయితే ఆమెకు నోటీసు ఇచ్చి వినవలెననియు 2020 డిసెంబరులో సుప్రీంకోర్టు స్పష్టపరచినది. భార్య అవసరములన్నిటిని తీర్తునని భర్త ప్రమాణపత్ర మీయవలెనను షరతును 2024 ఆగస్టులో అదే కోర్టు కొట్టివేసినది. బెయిలు షరతులతో కాపురమును అతుకుట సాధ్యము కాదు గదా!

ఒక భ్రమను తొలగించుట మా ముఖ్యోద్దేశము. బెయిలు రాగానే కేసు పోయినదని సంబరపడువారును, ఇక రాజీ పడుమని ఆడపిల్లను ఒత్తిడి చేయువారును కలరు. ఇది పొరపాటు. ముందస్తు బెయిలు నిర్దోషిత్వపు తీర్పు కాదు. ఫిర్యాదు అబద్ధమనుటకు సాక్ష్యమును కాదు. విచారణ యథావిధిగా సాగుతుంది. దోషము రుజువు కాకముందే ఒకరి స్వేచ్ఛ పోరాదు. రుజువు చేయు అవకాశము మరియొకరికి పోరాదు. ఈ రెండింటిని సమముగా కాపాడుటయే న్యాయము. రేపు న్యాయవాదులుగా, అధికారులుగా, గృహస్థులుగా కానున్న మన విద్యార్థులు దీనిని గుర్తుంచుకొందురుగాక.