సంచి అడుగున తూటా: విమాన ప్రయాణం, ఆయుధ చట్టం



పల్నాడు అనగానే పై జిల్లాల వాళ్లకు ముందు ఆయుధమే గుర్తుకొస్తుంది. హాస్టల్లో మన ఊరిపేరు చెప్పగానే "బాంబులేమైనా తెచ్చావా?" అని ఎకసెక్కమాడని రూమ్మేటు మనలో ఎవరికైనా దొరికాడా? కారంపూడిలో కార్తీక అమావాస్యకు వీరుల కొణతాలు ఊరేగుతుంటే మనం చేతులు జోడిస్తాం. వాటిని విమానం ఎక్కించాల్సిన పని ఎవరికీ రాదు. అంతకంటే చాలా చిన్న వస్తువొకటి మాత్రం, బీరువా మూలలోనో పాత సంచి అడుగునో పడి ఉండేది, మనకు తెలియకుండానే మనతోపాటు విమానాశ్రయం దాకా రాగలదు. అది తూటా. ఈ వ్యాసం దాని గురించే.

న్యాయశాస్త్ర గ్రంథాలలో సూత్రం చెప్పి, కింద ఒక ఉదాహరణ ఇస్తారు. నేను ఉదాహరణతోనే మొదలుపెడతాను. పిడుగురాళ్ల కుర్రవాడొకడు పై చదువుకు అమెరికా బయల్దేరాడనుకుందాం. వాళ్ల తాతగారికి మాచర్ల అవతల, నల్లమల అంచున చేను ఉంది. అడవిపందుల బెడదకు ఆయన ఎప్పుడో జోడు గొట్టాల తుపాకీకి లైసెన్సు తీసుకున్నారు. "కొత్త సంచి దేనికిరా, నా తోలుసంచి ఇనుములాంటిది, పట్టుకుపో" అన్నారాయన. అమ్మ అందులో కందిపొడి, గోంగూర పచ్చడి, సర్టిఫికెట్లు సర్దింది. అద్దంకి–నార్కట్‌పల్లి రోడ్డు మీద కారులో బయల్దేరి శంషాబాదు చేరారు. ఎక్స్‌రే యంత్రం దగ్గర సంచి ఆగిపోయింది. లోపలి గుడ్డ చిరుగులోనుంచి జారి, అట్టకూ తోలుకూ మధ్య ఎన్నేళ్లుగానో పడి ఉన్న ఒకే ఒక తూటా. తుపాకీ లేదు, దురుద్దేశం లేదు. ఆ తూటా అక్కడుందని తాతగారికే తెలియదు.

ఇప్పుడేం జరుగుతుంది? సి.ఐ.ఎస్.ఎఫ్. సిబ్బంది సంచీనీ మనిషినీ పక్కకు తీసి, విమానాశ్రయ పోలీసులకు అప్పగిస్తారు. విమానం దాని వేళకు అది వెళ్లిపోతుంది. కుర్రవాడు స్టేషన్లో కూర్చుంటాడు.

"ఒక్కటే కదండీ!" అని మనం అంటాం. చట్టంలో ఆ మాట లేదు. 1959 ఆయుధ చట్టం మూడవ సెక్షను ప్రకారం తుపాకీకైనా, తూటాకైనా లైసెన్సు ఉండాలి. ఇన్ని తూటాల లోపైతే ఫరవాలేదన్న మినహాయింపు అందులో లేదు. లైసెన్సు లేకుండా కలిగి ఉంటే శిక్ష ఇరవై అయిదవ సెక్షనులో ఉంది. 2019 సవరణకు ముందు అది ఏడాది నుంచి మూడేళ్లు. ఆ సవరణతో రెండేళ్ల నుంచి అయిదేళ్లకు పెరిగింది, జుల్మానా అదనం. తగిన కారణాలు రాసి న్యాయమూర్తి రెండేళ్ల కంటే తగ్గించవచ్చు గానీ, అది ఆయన విచక్షణ.

అయితే చట్టానికి మరో ముఖం కూడా ఉంది. "కలిగి ఉండటం" అంటే ఏమిటి? వస్తువు మన సంచిలో ఉంటే చాలా, లేక ఉందని మనకు తెలిసి ఉండాలా? 1972లో గుణవంత్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు ఈ ప్రశ్నకు జవాబు చెప్పింది. ఆయుధం చేతిలోనే ఉండనక్కరలేదు, ఇంకొకరి దగ్గర దాచినా అది మన అధీనంలో ఉన్నట్టే. అయితే ఆ సంగతి మనకు తెలిసి ఉండాలి, ఆ ఎరుక లేనిచోట నేరం లేదు. 1994లో సంజయ్ దత్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం కూడా తెలిసి కలిగి ఉండటమే చూడాలని చెప్పింది. దీని ఆధారంగానే, సంచిలో ఒకటీ అరా తూటా దొరికిన ప్రయాణికుల మీద కేసులను ఢిల్లీ హైకోర్టు పలుమార్లు కొట్టివేసింది. చుట్టానిదో స్నేహితుడిదో సంచి తెచ్చుకున్నామని చెప్పి బయటపడ్డవాళ్లు వాటిలో ఉన్నారు. ఇంకా రెండు ఆసరాలున్నాయి. మూడవ సెక్షను కింద కోర్టులో ప్రాసిక్యూషను నడపాలంటే ముందు జిల్లా మేజిస్ట్రేటు అనుమతి ఉండాలని ముప్పయి తొమ్మిదవ సెక్షను అంటుంది. ఆయుధంతో కలిపి వాడే ఉద్దేశం లేని చిన్న చిన్న విడిభాగాలకు చట్టం వర్తించదని నలభై అయిదవ సెక్షను అంటుంది.

కాబట్టి మన కుర్రవాడు చివరకు గెలవవచ్చు. చివరకు అన్న మాట మీదే నా దృష్టి. పాత క్రిమినల్ ప్రొసీజరు కోడ్‌లో 482వ సెక్షను, 2024 జూలై నుంచి అమలులోకి వచ్చిన నాగరిక సురక్షా సంహితలో 528వ సెక్షను కింద హైకోర్టుకు పోవాలి. వకీలు ఫీజు, వాయిదాలు, పాస్‌పోర్టు కోర్టు చేతిలో ఉండటం, ఇవన్నీ గెలుపుకు ముందే వస్తాయి. సెప్టెంబరు సెమిస్టరు ఎవరి కోసమూ ఆగదు. పైగా అమెరికా వీసా దరఖాస్తులో ఎప్పుడైనా అరెస్టయ్యారా అన్న ప్రశ్న ఉంది. కేసు కొట్టేశారు కాబట్టి లేదని రాస్తే అబద్ధమవుతుంది. అవునని రాసి కాగితాలన్నీ చూపించుకోవాలి. తాతగారి తోలుసంచి మిగిల్చిన డబ్బెంతో, పోగొట్టిందెంతో లెక్క మీరే వేసుకోండి.

ఇంత కఠినం ఎందుకని మీకు అనిపించవచ్చు. అసలు విమానంలో ఆయుధాలు తీసుకుపోరాదన్న నిబంధన కొత్తదేమీ కాదు, 1937 నాటి విమాన నిబంధనల్లోనే ఉంది. నిబంధన ఉన్నా వెతికేవాళ్లు లేరు. 1971 జనవరి 30న శ్రీనగర్ నుంచి జమ్మూ పోతున్న 'గంగ' అనే ఫోకర్ విమానాన్ని ఇద్దరు యువకులు లాహోరుకు మళ్లించారు. వాళ్ల చేతిలో ఉన్నది బొమ్మ పిస్తోలు, కొయ్యతో చేసిన గ్రెనేడు! 1976 సెప్టెంబరులో ఢిల్లీ నుంచి బయల్దేరిన మరో విమానం లాహోరు పోయింది. దాని మీద వేసిన పాండే కమిటీ సిఫారసుతో 1978 జనవరిలో పౌర విమానయాన భద్రతా విభాగం ఏర్పడింది. సరిగ్గా ఆ ఏడాదే డిసెంబరు 20న లక్నో నుంచి ఢిల్లీ వెళ్తున్న విమానాన్ని ఇద్దరు యువకులు బొమ్మ తుపాకులతో వారణాసికి తిప్పారు. ఇందిరాగాంధీని జైలు నుంచి విడుదల చేయాలన్నది వాళ్ల డిమాండు. 1980లో ఆ ఇద్దరూ ఉత్తరప్రదేశ్ శాసనసభకు ఎన్నికయ్యారు. (విద్యార్థి సంఘం సంచికలో ఇది రాస్తున్నందుకు మన నాయకులు అపార్థం చేసుకోరని ఆశిస్తాను.)

ఈ రెండు సంఘటనలూ తెలిస్తే, చిన్నపిల్లవాడి ప్లాస్టిక్ తుపాకీని కూడా క్యాబిన్లోకి ఎందుకు రానివ్వరో మనకు వేరే చెప్పనక్కరలేదు. తుపాకీ నిజమా, బొమ్మా అని తేల్చుకునే వ్యవధి ఆకాశంలో పైలటుకు ఉండదు. 1985 జూన్‌లో 'కనిష్క' విమానం అట్లాంటిక్ మీద పేలిపోయాక, 1987 ఏప్రిల్ నుంచి ఆ భద్రతా విభాగం స్వతంత్ర శాఖగా మారింది. 1999 డిసెంబరులో కాఠ్మండు విమానం కాందహారు చేరాక, 2000 సంవత్సరంలో జైపూరుతో మొదలుపెట్టి విమానాశ్రయాల కాపలా సి.ఐ.ఎస్.ఎఫ్. చేతికి వచ్చింది.

ఇక లైసెన్సు ఉన్నవాడు సక్రమంగా తుపాకీ తీసుకుపోవాలంటే మార్గం లేదా? ఉంది. మన కాలేజీల్లో రైఫిల్ షూటింగు పోటీలకు పోయేవాళ్లు కొద్దిమందైనా ఉన్నారు గనుక వివరంగా చెప్తాను. చేతిసంచిలో గానీ ఒంటిమీద గానీ ఆయుధం పనికిరాదు. ప్రధాని రక్షణ దళం, సాధారణ దుస్తుల్లో కూర్చునే విమాన మార్షళ్లు వంటి బహు కొద్దిమందికే మినహాయింపు. ప్రజాప్రతినిధి గారి గన్‌మన్ అయినా పిస్తోలు ఖాళీ చేసి కింది సామాన్ల గదికి పంపవలసిందే.

ముందుగా విమాన సంస్థకు తెలియజేయాలి. ప్రయాణం రోజు పెందలాడే వెళ్లి, సామాను అప్పగించే కౌంటరులోనే "నా దగ్గర ఆయుధం ఉంది" అని చెప్పి లైసెన్సు చూపించాలి. యంత్రం పట్టుకున్నాక చెప్పడం వేరు, ముందుగా మనమే చెప్పడం వేరు. తుపాకీలో గుండు ఉండకూడదు. దాన్ని ఖాళీ చేసి, భద్రతా సిబ్బంది చూసి ధ్రువపరచాక గట్టి పెట్టెలో తాళం వేసి పంపుతారు. తూటాలు విడిగా కట్టాలి. అంతర్జాతీయ నియమం ప్రకారం సొంత వాడకానికి మనిషికి ప్యాకింగుతో కలిపి 5 కిలోల తూటాలకు మించరాదు. పేలే గుండ్లు, నిప్పు అంటించే గుండ్లు బొత్తిగా పనికిరావు. ఇద్దరు ప్రయాణికులు తమ వాటాలు కలిపి ఒకే పెట్టెలో పెట్టనూకూడదు. ఆయా సంస్థలు ఇంతకంటే తక్కువ హద్దు పెట్టుకుని ఉండవచ్చు, రుసుమూ వేరు. టిక్కెట్టు కొనకముందే అడగటం మేలు.

చాలామంది మరచిపోయేది లైసెన్సు చెల్లే ప్రాంతం. అది ఏ మేరకు చెల్లుతుందో దాని మీదే రాసి ఉంటుంది. రాష్ట్రం వరకే చెల్లే లైసెన్సుతో గన్నవరంలో విమానమెక్కి ఢిల్లీలో దిగితే, దిగిన క్షణం నుంచి ఆ తుపాకీకి లైసెన్సు లేనట్టే.

సిక్కు సోదరుల కృపాణం సంగతి వేరు. దేశీయ విమానాల్లో మొత్తం పొడవు 9 అంగుళాలు, అందులో అలుగు 6 అంగుళాలు మించకుండా ఉంటే అనుమతిస్తారు.

మన పిడుగురాళ్ల వాళ్లకు ప్రత్యేకంగా ఒక మాట. సున్నపురాయి క్వారీల్లో పనిచేసే ఇళ్లున్న ఊరు మనది. రాయి పేల్చే మందు, డిటోనేటర్లు, వాటి వైరుముక్కలు ఏ చొక్కా జేబులోనో, టూల్ బాక్సులోనో మిగిలి ఉంటాయి. తుపాకీకైనా ముందే చెప్పి పంపుకునే దారి ఉంది, వీటికి ఏ దారీ లేదు. క్వారీకి వాడిన సంచి ప్రయాణానికి వాడకండి, అంతే. ఎన్.సి.సి. మిత్రులకూ ఒక మాట: ఫైరింగు అయ్యాక ఖాళీ తొడుగులు లెక్కపెట్టి అప్పజెప్పమనేది ఊరికే కాదు. జ్ఞాపకంగా ఒకటి జేబులో వేసుకున్నవాడు మూడేళ్ల తర్వాత దాన్ని ఎక్స్‌రే యంత్రం ముందు గుర్తుచేసుకుంటాడు.

అమెరికా చేరాక అక్కడ తుపాకులు బజారులో అమ్ముతారుగా అనుకోవద్దు. ఆ దేశ విమానాశ్రయాల తనిఖీల్లో 2023లో 6,737 తుపాకులు చేతిసంచుల్లో దొరికాయి, వాటిలో నూటికి తొంభై పైగా గుండ్లు నింపి ఉన్నవే. "మర్చిపోయాను" అన్నదే అక్కడా ఎక్కువగా వినిపించే జవాబు. అయినా జరిమానా వేల డాలర్లలో ఉంటుంది. మన విద్యార్థులకు మరో చిక్కు ఉంది. విద్యార్థి వీసా వంటి తాత్కాలిక వీసాల మీద వచ్చినవారు తుపాకీ గానీ తూటా గానీ కలిగి ఉండటం అక్కడి ఫెడరల్ చట్టం ప్రకారం నేరం. వేట లైసెన్సు వంటి కొద్ది మినహాయింపులే ఉన్నాయి. స్నేహితులతో సరదాగా షూటింగు రేంజికి వెళ్లి అద్దె తుపాకీ పట్టుకున్నా అది "కలిగి ఉండటమే". అక్కడ ఏరిన తూటా జ్ఞాపకంగా తెచ్చుకుంటూ దుబాయిలోనో దోహాలోనో విమానం మారితే, అక్కడ ఆ దేశం చట్టం వర్తిస్తుంది.

తిరిగి మన కుర్రవాడి దగ్గరకు వద్దాం. ప్రయాణానికి ముందురోజు రాత్రి సంచిని బోర్లించి దులిపి, లోపలి గుడ్డ పొడుగునా వేళ్లతో తడిమి చూశాడనుకోండి, తూటా ఇంట్లోనే దొరికేది. దాన్ని మురుక్కాలవలో పారేయకూడదు, జేబులో వేసుకోకూడదు. తాతగారు ఉంటే ఆయనకు ఇచ్చేయాలి, కొన్న తూటాల లెక్క ఆయన లైసెన్సులోనే ఉంటుంది. తాతగారు పోయారనుకోండి, లైసెన్సు ఆయనతోపాటే పోయినట్టు. అప్పుడు తుపాకీ, మిగిలిన తూటాలు ఆలస్యం లేకుండా దగ్గరి పోలీసు స్టేషన్లో గానీ లైసెన్సు ఉన్న ఆయుధాల వ్యాపారి దగ్గర గానీ జమచేయాలని ఇరవై ఒకటవ సెక్షను చెప్తుంది. వారసులు కావాలంటే కొత్తగా దరఖాస్తు పెట్టుకోవాలి. ఎన్నికలప్పుడు జమచేసి మళ్లీ తెచ్చుకునే అలవాటు మన పల్లెలకు ఉన్నదే, స్టేషను గడప కొత్త కాదు. రసీదు మాత్రం అడిగి తీసుకోండి. దారిలో దాచేపల్లి దాటాక కనిపించిందా, అక్కడే స్టేషనుకు వెళ్లి రాసి ఇవ్వండి. విమానాశ్రయం గుమ్మంలో కనిపించిందా, సంచిని యంత్రంలో పెట్టకముందే యూనిఫారంలో ఉన్న మొదటి మనిషికి చెప్పండి. కేసు తప్పుతుందని హామీ ఇవ్వలేను. కానీ తెలిసి దాచలేదని చెప్పడానికి రేపు కోర్టులో మీ తరఫున నిలబడే మొదటి సాక్ష్యం అదే.