కారు విలువ ఏడాదికి ఎంత తరుగుతుంది?

పిల్లలూ, శాతం అంటే నూటికి ఎంత అని మీకు తెలుసు. ఒక కారు విలువ ఏడాదికి ఎంత శాతం తగ్గిందో లెక్క కట్టడం ఈ పాఠంలో నేర్చుకుందాం. లెక్క చిన్నదే. కానీ ఒక ప్రశ్న అడగడం మర్చిపోతే జవాబులో వేల దిర్హాములు తేడా వస్తుంది. ఆ ప్రశ్న ఇది: శాతం దేని మీద?

కొత్త మాటలు

తరుగు: తగ్గిపోయిన భాగం. బంగారం కొట్టులో నగ చేసేటప్పుడు వృథా అయ్యే బంగారాన్ని తరుగు అంటారు. ఊళ్ళో తాతయ్య ధాన్యం అమ్మితే, తేమ ఉంది, తాలు ఉంది అని బస్తాకి కొంత తగ్గిస్తారు. అదీ తరుగే. అమ్మ "వంకాయలు తరుగు" అంటే మాత్రం అర్థం వేరు. అప్పుడు ముక్కలు కోయాలి!

తరుగుదల: వస్తువు పాతబడేకొద్దీ దాని విలువ తగ్గడం.

అసలు ధర: కొన్నప్పుడు ఇచ్చిన ధర.

మిగిలిన విలువ: తరుగు తీసేశాక ఉన్న విలువ.

చొప్పున: "ఏడాదికి 20 శాతం చొప్పున" అంటే ప్రతి ఏడాదీ 20 శాతం అని.

కారు విలువ ఎందుకు తగ్గుతుంది?

రాస్ అల్ ఖైమాలో వేసవి ఎండ 40 డిగ్రీలు దాటుతుంది. ఆ ఎండకి కారు రంగు వెలిసిపోతుంది. బ్యాటరీ, టైర్ల రబ్బరు త్వరగా పాడవుతాయి. సముద్రం పక్కనే కాబట్టి ఉప్పు గాలికి ఇనుము తుప్పు పడుతుంది. జెబెల్ జైస్ కొండ మాటిమాటికీ ఎక్కి దిగితే బ్రేకులు అరుగుతాయి. రోజూ దుబాయ్ వెళ్ళొచ్చే కారుకి కిలోమీటర్లు గబగబా పెరుగుతాయి. ఇవేవీ లేకుండా కారుని నీడలో ఉంచినా, కొత్త మోడల్ వచ్చిందంటే పాతదాని ధర తగ్గుతుంది.

చదవండి

ఒక కుటుంబం అనుకుందాం. వాళ్ళ ఊరు రాజోలు. ఇప్పుడు అల్ నఖీల్‌లో ఉంటున్నారు. నాన్న ఉద్యోగం ఈ వేసవితో అయిపోతోంది. అందరూ ఊరికి వెళ్ళిపోతున్నారు. వెళ్ళేలోపు కారు అమ్మాలి. నాలుగేళ్ళ కిందట దాన్ని కొత్తగా 60,000 దిర్హాములకు కొన్నారు. అమ్మగా వచ్చిన డబ్బుతోనే ఊళ్ళో స్కూలు ఫీజులు కట్టాలి, ఇల్లు సర్దుకోవాలి.

నాన్న: కారు చూసినాయన 12,000 ఇస్తానంటున్నాడమ్మా.

అక్క: అంత తక్కువా? ఎలా లెక్క కట్టాడు నాన్నా?

నాన్న: ఏడాదికి 20 శాతం చొప్పున తరుగుట. నాలుగేళ్ళకి 80 శాతం. అంటే 48,000 పోయింది, 12,000 మిగిలింది అంటున్నాడు.

తమ్ముడు: అయితే వచ్చే ఏడాదికి 100 శాతం పోతుందిగా! అప్పుడు కారు ఊరికే ఇచ్చేయాలా?

అమ్మ: బాగా అడిగావురా. ఐదేళ్ళ కారు ఊరికే ఇచ్చేవాళ్ళు ఎక్కడున్నారు?

అక్క: నాన్నా, ఆయన ప్రతి ఏడాదీ 60,000 మీదే 20 శాతం తీశాడు. కానీ రెండో ఏడాది మొదట్లో కారు విలువ 60,000 లేదు కదా. 48,000 ఉంది. దాని మీద తీస్తే ఎంతవుతుందో చూద్దాం.

అక్క కట్టిన లెక్క

మొదటి ఏడాది: 60,000లో 20 శాతం 12,000. మిగిలింది 48,000.

రెండో ఏడాది: 48,000లో 20 శాతం 9,600. మిగిలింది 38,400.

మూడో ఏడాది: 38,400లో 20 శాతం 7,680. మిగిలింది 30,720.

నాలుగో ఏడాది: 30,720లో 20 శాతం 6,144. మిగిలింది 24,576.

ఆయన చెప్పింది 12,000. ఈ లెక్కలో వచ్చింది 24,576. తేడా 12,576 దిర్హాములు! శాతం రెండింట్లోనూ 20 మాత్రమే. అది దేని మీద తీశారన్నదే మారింది.

ఈ రెండు పద్ధతులూ లెక్కల పుస్తకాల్లో ఉన్నాయి. ఎప్పుడూ అసలు ధర మీదే తరుగు తీస్తే అది స్థిర వాయిదాల పద్ధతి. మిగిలిన విలువ మీద తీస్తే అది తగ్గుతున్న నిల్వల పద్ధతి. బజారులో కారు ధర రెండో పద్ధతికే దగ్గరగా నడుస్తుంది: మొదట్లో ఎక్కువ పడిపోతుంది, తర్వాత తర్వాత తక్కువ తగ్గుతుంది.

నాన్న: మరి 24,576 ఇమ్మని అడగనా?

అక్క: ఇది అంచనా మాత్రమే నాన్నా. ఇదే మోడల్, ఇదే సంవత్సరం, ఇన్నే కిలోమీటర్లు తిరిగిన కార్లు ఎంతకి అమ్ముతున్నారో కూడా చూడాలి. 12,000కి మాత్రం ఇప్పుడే ఒప్పుకోవద్దు.

శాతం కనుక్కోవడం ఎలా?

ఒక్కోసారి విలువలు తెలుస్తాయి, శాతం తెలియదు. అప్పుడు ఇలా చేయండి:

1. ఏడాది మొదటి విలువలోంచి ఏడాది చివరి విలువ తీసేయండి.
2. వచ్చినదాన్ని ఏడాది మొదటి విలువతో భాగించండి.
3. 100తో గుణించండి.

ఉదాహరణ: పోయిన ఏడాది 38,000, ఈ ఏడాది 32,300.
38,000 − 32,300 = 5,700
5,700 ÷ 38,000 = 0.15
0.15 × 100 = 15. తరుగుదల 15 శాతం.

ఇండియాలో బీమా పట్టిక

ఇండియాలో కారు బీమా కోసం వాడుతూ వచ్చిన ఒక పట్టిక ఉంది. అందులో శాతాలన్నీ కంపెనీ ప్రకటించిన అమ్మకం ధర మీదే తీస్తారు.

6 నెలల లోపు: 5 శాతం
6 నెలలు దాటి 1 ఏడాది వరకు: 15 శాతం
1 దాటి 2 ఏళ్ళ వరకు: 20 శాతం
2 దాటి 3 ఏళ్ళ వరకు: 30 శాతం
3 దాటి 4 ఏళ్ళ వరకు: 40 శాతం
4 దాటి 5 ఏళ్ళ వరకు: 50 శాతం

ఇక్కడ 50 శాతం అంటే ఒక్క ఏడాదిలో పోయింది కాదు, మొత్తం మీద పోయింది. కారు ధర 10 లక్షల రూపాయలు అనుకోండి. రెండో ఏడాదిలో విలువ 8 లక్షలు, మూడో ఏడాదిలో 7, నాలుగో ఏడాదిలో 6, ఐదో ఏడాదిలో 5 లక్షలు. ప్రతిసారీ తగ్గింది ఒక్క లక్షే. కానీ 8లో 1 అంటే 12.5 శాతం, 7లో 1 అంటే సుమారు 14.3 శాతం, 6లో 1 అంటే సుమారు 16.7 శాతం. అక్క లెక్కలో శాతం ఒకటే, డబ్బు తగ్గుతూ వచ్చింది. ఇక్కడ డబ్బు ఒకటే, శాతం పెరుగుతూ వచ్చింది.

మీరు చేయండి

1. కారు ధర 45,000 దిర్హాములు. మిగిలిన విలువ మీద ఏడాదికి 20 శాతం చొప్పున తరుగు తీస్తే రెండేళ్ళ తర్వాత ఎంత?
2. కారు విలువ ఏడాదిలో 30,000 నుంచి 25,500కి తగ్గింది. తరుగుదల ఎంత శాతం?
3. 50,000 దిర్హాముల కారు. మొదటి ఏడాది 20 శాతం, రెండో ఏడాది మిగిలినదాని మీద 10 శాతం తగ్గింది. మొత్తం 30 శాతం తగ్గినట్టేనా?
4. "తరుగు", "చొప్పున" వాడి చెరో వాక్యం రాయండి.

ఇంట్లో అడగండి

మీ కారు ముల్కియాలో మోడల్ సంవత్సరం చూడండి. కొన్న ధర, ఇప్పటి అంచనా ధర అమ్మనో నాన్ననో అడగండి. మొత్తం ఎంత శాతం తగ్గిందో లెక్క కట్టి, ఎలా చేశారో వాళ్ళకి తెలుగులో చెప్పండి.

జవాబులు

1. 28,800 దిర్హాములు.
2. 15 శాతం.
3. కాదు. 50,000, 40,000, 36,000. తగ్గింది 14,000, అంటే అసలు ధరలో 28 శాతం.