అరవిందన్: గీత నుంచి తెరకు

రామాయణ కథను తెరకెక్కిస్తూ సీతను ఒక్కసారైనా చూపకపోవడం సాహసమే. 1977లో వెలువడిన ‘కాంచన సీత’ అనే మలయాళ చిత్రంలో సీత పాత్రకు నటి లేదు. గాలికి కదిలే ఆకులు, పారే నీరు, మారే వెలుగు, ఇవే అందులో సీత. రామలక్ష్మణులుగా కనిపించినవారు ఆంధ్రప్రదేశ్ అడవులలోని చెంచులు. చిత్రీకరణ జరిగినదీ అక్కడే. తమను రాముని వంశీయులుగా భావించుకొనే ఆ గిరిజనుల ముఖాలలోనే దర్శకుడు ఇతిహాస పురుషులను దర్శించాడు. కిరీటాలకు, భుజకీర్తులకు అలవాటుపడిన కొందరికి ఇది మింగుడుపడలేదు. సరోద్ విద్వాంసుడు, కన్నడిగుడు అయిన రాజీవ్ తారానాథ్ సంగీతం సమకూర్చిన ఈ చిత్రం జి. అరవిందన్‌కు ఉత్తమ దర్శకునిగా జాతీయ పురస్కారాన్ని సంపాదించి పెట్టింది.

1935లో జన్మించిన అరవిందన్ ఏ చలనచిత్ర శిక్షణాలయంలోనూ చదివినవాడు కాదు. రబ్బరు బోర్డులో ఉద్యోగి. 1961 నుంచి దశాబ్దానికి పైగా ‘మాతృభూమి’ వారపత్రికలో ‘చిన్న మనుషులు, పెద్ద లోకం’ అనే అర్థం వచ్చే శీర్షికతో వ్యంగ్య చిత్రమాలికను గీశాడు. అందులోని రాము అనే పేద యువకుడు ఏళ్లు గడిచేకొద్దీ ఎదిగి, లౌక్యం నేర్చి, ఆదర్శాలను జారవిడుస్తాడు. కొద్ది గీతలతో ఎక్కువ చెప్పే నేర్పు, ఖాళీ జాగాకు విలువ ఇచ్చే గుణం ఆయనకు అక్కడ అబ్బినవే కావచ్చు. హిందూస్థానీ సంగీతం నేర్చుకొన్నాడు. నాటకాలకు దర్శకత్వం వహించాడు. ఇతరుల చిత్రాలకు సంగీతం కూర్చాడు.

తొలి చిత్రం ‘ఉత్తరాయణం’ 1974లో వచ్చింది. 1978 నాటి ‘తంపు’లో ఒక సర్కస్ బృందం నదీతీర గ్రామానికి వస్తుంది. నటించినవారిలో నిజమైన సర్కస్ కళాకారులున్నారు. ఆట చూస్తున్న పల్లెవాసుల ముఖాలపైనే కెమెరా చాలాసేపు నిలుస్తుంది. ‘పోక్కువెయిల్’లో సంగీతాన్ని అనుసరించి దృశ్యాలను కూర్చాడు.

అయితే కళానైపుణ్యం ఒక్కటే చిత్రాలను నిర్మించలేదు. కొల్లంలోని జీడిపప్పు వ్యాపారి కె. రవీంద్రనాథన్ నాయర్ ‘కాంచన సీత’ మొదలుకొని ‘పోక్కువెయిల్’ వరకు ఐదు చిత్రాలకు పెట్టుబడి పెట్టకపోతే అవి వెలుగు చూసేవా అన్నది సందేహమే. ‘స్వతంత్ర చిత్రం’ అన్నమాట వెనుక ఇటువంటి దాత ఒకడు ఉంటాడన్న సంగతి తరచు మరుగున పడిపోతుంది. 1985లో అరవిందన్ తానే నిర్మించిన ‘చిదంబరం’ ఉత్తమ చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది, ప్రజాదరణకూ నోచుకొంది. స్మితా పాటిల్ అందులో కథానాయిక.

చివరి చిత్రం ‘వాస్తుహార’ తూర్పు బెంగాల్ కాందిశీకుల గాథ. కలకత్తా వీథులలో చిత్రించిన ఈ మలయాళ చిత్రంలో బెంగాలీ నటులూ ఉన్నారు. అరవిందన్ 1991 మార్చి 15న మరణించాడు.

2022లో ‘తంపు’ పునరుద్ధరించిన ప్రతి కాన్స్ ఉత్సవంలో ప్రదర్శితమైంది.